ఇంట్లో చికెన్ పాస్తా: ఏ సాస్, ఏ ముక్క, ఏ పాస్తా ఎంచుకోవాలి?

రాత్రికి ఇటాలియన్ పద్ధతిలో చికెన్, పాస్తా చెయ్యాలనుకున్నాక, సరుకులు కొనకముందే ఒక్క సంగతి తేల్చుకోండి. ఇంట్లో అందరూ ఒకేసారి తింటారా, విడతలుగా తింటారా? విజయనగరంలో చాలా ఇళ్లలో పిల్లలు ఏడున్నరకే తినేస్తారు. విశాఖలో ఉద్యోగం చేసుకుని సాయంత్రం రైలుకు తిరిగొచ్చేవాళ్లు తొమ్మిదింటికి గానీ కంచం ముందు కూర్చోరు. పప్పూ పులుసూ అయితే అప్పటిదాకా ఆగుతాయి. కలిపేసిన పాస్తా ఆగదు. పది నిమిషాలకే ఆరిపోవడం మొదలెడుతుంది, ఇరవై నిమిషాలకు సాస్‌లో తడంతా పీల్చుకుని ఉబ్బుతుంది. అందుకే ఏ సాస్ అన్నది రుచికంటే ముందు ఈ లెక్క మీద తేలాలి.

మన దగ్గర దొరికే సరుకులతో బాగా కుదిరేవి మూడు: టమాటా సాస్, పాలూ వెన్నతో చేసే తెల్ల సాస్, వెల్లుల్లి నూనె. టమాటా సాస్, అందులో ఉడికిన కోడి ముక్కలు పొయ్యి మీద రెండు గంటలు (వేసవిలో గంట) మూతపెట్టి ఉన్నా చెడవు, ఇంకాస్త రుచి పడతాయి కూడా. ఎవరు వచ్చినప్పుడు వాళ్లకు సరిపడా పాస్తా ఉడికించి కలుపుకోవచ్చు. తెల్ల సాస్ దించిన క్షణం నుంచి గట్టిపడుతూనే ఉంటుంది. వెల్లుల్లి నూనె పాస్తా అన్నిటికంటే తొందరగా అవుతుంది, అన్నిటికంటే తొందరగా పాడవుతుంది. మొదటిసారి చేసేవాళ్లకైనా, విడతలుగా తినే ఇంటికైనా టమాటా సాస్, తొడ మాంసం, పెన్నే అనే చిన్న గొట్టాల పాస్తా. ఇది మా గట్టి సలహా. మిగతా రెండూ ఎప్పుడు మేలో, ఎక్కడ దెబ్బతింటాయో కింద చెబుతాం.

కోడిని పాస్తాలో కలపాలా, పక్కన పెట్టాలా?

ఇటలీలో భోజనం వరసగా వస్తుంది. ముందు పాస్తా, దాని తర్వాత మాంసం. కోడి ముక్కల్ని పాస్తాలో కలిపి ఒకే కంచంలో పెట్టడం అక్కడి ఇళ్లలో అరుదు. చికెన్ ఆల్‌ఫ్రెడో అని మన రెస్టారెంట్లలో వచ్చేది అమెరికాలో స్థిరపడిన వంటకం. రోమ్‌లో రెస్టారెంట్ నడిపిన ఆల్‌ఫ్రెడో డి లెలియో పేరుతో ప్రసిద్ధమైన పాస్తాలో ఉండేవి వెన్న, పర్మేజాన్ చీజ్ మాత్రమే. క్రీమూ కోడీ తర్వాత అమెరికాలో చేరాయి.

ఈ పద్ధతి తెలిసి ఉంటే మన ఇళ్లకు ఒక పెద్ద సదుపాయం. శనివారం మాంసం ముట్టనివాళ్లు, కార్తీకంలో మానేసేవాళ్లు, అసలే తినని పెద్దవాళ్లు ఉన్న ఇంట్లో పాస్తాను శాకాహారంగా చేసి, కోడిని వేరే మూకుట్లో వండి పక్కన వడ్డించండి. రెండు వంటలు చేసినట్టుండదు, పద్ధతి తప్పినట్టూ కాదు. ఆ ఇళ్లకు వెల్లుల్లి నూనె పాస్తా, పక్కన పెనం మీద కాల్చిన లెగ్ ముక్క బాగా నప్పుతాయి. అందరూ మాంసం తినేవాళ్లే అయితే టమాటా సాస్‌లో కోడిని ఉడికించి కలపడమే మేలు. ముక్కలోంచి దిగిన రసం సాస్‌కు పడుతుంది, ఆ లాభాన్ని వదులుకోకూడదు.

ఏ ముక్క?

కొట్లో ‘బోన్‌లెస్’ అని అడిగితే చాలాసార్లు రొమ్ము ముక్కే తూస్తారు. ఈ వంటకు కావలసింది తొడ. ‘లెగ్ బోన్‌లెస్’ అని విడిగా చెప్పాలి. లేదా 800 గ్రాముల లెగ్ ముక్కలు తెచ్చుకుని ఇంట్లోనే ఎముక వెంబడి కత్తి నడిపి మాంసం తీసుకోవచ్చు. తోలూ ఎముకా పోను సుమారు 500 గ్రాములు వస్తుంది, నలుగురికి సరిపోతుంది. ఎముకలు పారెయ్యకండి. సాస్ మరుగుతున్నంతసేపూ అందులో పడేసి, చివర్లో తీసెయ్యండి.

తొడలో కొవ్వూ, కీళ్ల దగ్గరి జిగురూ ఎక్కువ. పది నిమిషాలు ఎక్కువ ఉడికినా మెత్తబడుతుందే తప్ప ఎండదు. రొమ్ములో కొవ్వు బాగా తక్కువ. లోపలి వేడి 74 డిగ్రీల సెల్సియస్‌కు చేరితే తినడానికి సురక్షితం. తొడ ఆ మెట్టు దాటి 85 దాకా పోయినా బాగుంటుంది. రొమ్ము 80కి వచ్చేసరికే పీచుపీచుగా అయిపోతుంది. కూరలో ఉడికించినట్టు రొమ్మును సాస్‌లో పావుగంట ఉడికిస్తే పొడిబారేది ఇందుకే.

రొమ్ము ముక్కే ఉంటే దాన్ని సాస్‌లో వండకండి. లీటరు నీళ్లలో 50 గ్రాముల ఉప్పు కరిగించి, ముక్కను ముప్పావుగంట అందులో ఉంచండి. ఎక్కువసేపు ఉంచితే ఉప్పు కషాయమైపోతుంది. తీసి, గుడ్డతో బాగా అద్ది, మందంగా ఉన్నచోట అడ్డంగా కోసి ఒకటిన్నర సెంటీమీటర్ల పలకలు చెయ్యండి. వేడి మూకుట్లో ఒక్కో వైపు మూడు నాలుగు నిమిషాలు చాలు. దించాక ఐదు నిమిషాలు కదపకుండా ఉంచి, అప్పుడు కోసి పాస్తా మీద వెయ్యండి. వేడి మీద కోస్తే రసమంతా చెక్క మీదే మిగిలిపోతుంది.

నాటుకోడి ఈ వంటకు పనికిరాదనుకుంటారు గానీ, టమాటా సాస్‌కు దానంత రుచి బ్రాయిలర్ ఇవ్వదు. ఇటలీలోనూ ముదురు పెట్టను నెమ్మదిగా కాచి రసం తీసే పద్ధతి ఉంది. కిలో ముక్కలకు గ్లాసుడు నీళ్లు, ఉప్పు, ఒక ఉల్లిపాయ వేసి, కుక్కర్‌లో మొదటి కూత వచ్చాక మంట బాగా తగ్గించి పాతిక నిమిషాలు ఉంచండి. ముదురు కోడైతే ఇంకో పది. చల్లారాక మాంసం చేత్తో పీచులుగా విడదీసి, మిగిలిన రసంతో సహా టమాటా సాస్‌లో వేసి పావుగంట మరిగించండి. చిన్న ఎముకలు సాస్‌లోకి పోకుండా వేళ్లతో తడిమి చూసుకోవాలి. పని ఎక్కువే. అయినా ఆదివారం తీరిక ఉంటే ఇదే చెయ్యమంటాం.

ఏ ముక్కైనా మూకుట్లో వేసే ముందు తడి ఉండకూడదు. పసుపూ ఉప్పూ వేసి కడగడం మన అలవాటు. కడిగితే గిన్నెలో కడగండి, కుళాయి కింద పెడితే పచ్చి మాంసం తుంపర్లు పక్కనున్న గిన్నెల మీద పడతాయి. తర్వాత పాత నూలు గుడ్డతోనో కాగితంతోనో బాగా అద్దాలి. తడి ముక్క ముందు నీళ్లు ఊరుస్తుంది, ఆ నీళ్లు ఇగిరేదాకా మూకుడు వేడెక్కదు, ముక్క ఎరుపెక్కకుండా తెల్లగా ఉడికిపోతుంది. ఒకేసారి అన్నీ కుక్కినా ఇదే జరుగుతుంది. రెండు విడతలుగా వేయించండి.

అల్లం వెల్లుల్లి ముద్ద, గరం మసాలా, ధనియాల పొడి వద్దు. అల్లం పడిందంటే ఎంత మంచి టమాటా అయినా కూర వాసనే వస్తుంది. ఆవ పెట్టిన కూరలూ నువ్వుల పొళ్లూ తినే ఉత్తరాంధ్ర నాలుకకు ఈ వంట మొదట చప్పగా అనిపించవచ్చు. ఆ లోటు మసాలాతో పూడ్చకండి. ఉప్పు సరిగా వెయ్యండి, ఎండుమిరప తునకలు కాస్త పెంచండి.

టమాటా సాస్, కొలతలతో

నలుగురికి కిలో టమాటాలు కావాలి. గుండ్రంగా, పుల్లగా, నీళ్లెక్కువగా ఉండే నాటు టమాటా పప్పుకూ చారుకూ మేలు. సాస్‌కు కోలగా, కండ మందంగా ఉండే హైబ్రిడ్ టమాటాయే తీసుకోండి, అదీ బాగా ఎర్రబడినది. పచ్చి చారలున్నవి రెండు రోజులు బయటే ఉంచి మగ్గబెట్టండి. ఫ్రిజ్‌లో పెడితే మగ్గవు, వాసనా పోతుంది. నాటువే దొరికితే గింజలూ జిగురూ తీసేసి, పావుకిలో అదనంగా వేసుకోండి. వేసవిలో టమాటా ధర కొండెక్కినప్పుడు డబ్బా టమాటా గానీ ప్యూరీ గానీ వాడితే తప్పేం లేదు. 200 గ్రాముల ప్యూరీకి అంతే నీళ్లు, రెండు తాజా టమాటాలు కలపండి. కెచప్ మాత్రం వద్దు. అందులో చక్కెరా వెనిగరూ ఉంటాయి, ఉడికేకొద్దీ తీపి ముదిరిపోతుంది.

టమాటా అడుగున కత్తితో అడ్డంగా నిలువుగా చిన్న గాటు పెట్టి, మరిగే నీళ్లలో 40 సెకన్లు ఉంచి, చన్నీళ్లలో వేస్తే తోలు దానంతటదే ఊడి వస్తుంది. ఈ పని మానేస్తే సాస్‌లో తోలు చుట్టలు చుట్టుకుని పంటికి తగులుతుంది. తోలు తీశాక చేత్తో నలపండి. మిక్సీలో వేస్తే గాలి చేరి గులాబీ రంగుకు తిరుగుతుంది, గింజలు నలిగితే చేదూ రావచ్చు.

అరగంట ముందు అర కిలో తొడ మాంసానికి చెంచాడు ఉప్పు, అర చెంచా మిరియాల పొడి పట్టించి ఉంచండి. వెడల్పాటి మూకుడులో రెండు పెద్ద చెంచాల నూనె కాగాక, ముక్కలు వేసి మూడు నాలుగు నిమిషాలు కదపకండి. అడుగు ఎర్రబడితే ముక్క తనే మూకుడును వదులుతుంది. అంటుకుని రాకపోతే ఇంకా కాలేదని అర్థం, గరిటెతో పీకకండి. రెండో వైపూ అంతే. ముక్కలు తీసి పక్కన పెట్టండి, ఇంకా పూర్తిగా ఉడకనక్కర్లేదు.

అదే మూకుట్లో, అడుగున అంటిన ఎర్రటి పొరను గీకకుండా, సన్నగా తరిగిన ఉల్లిపాయ ఒకటి వేసి సన్న సెగ మీద ఏడు నిమిషాలు మగ్గించండి. ఎరుపెక్కకూడదు, అద్దంలా అయితే చాలు. ఇప్పుడు పది పన్నెండు చిన్న వెల్లుల్లి రెబ్బలు సన్నగా తరిగి వేసి ఒక్క నిమిషం. వెల్లుల్లిని ఉల్లిపాయతో పాటే వేస్తే అది ముందు మాడి, సాస్ మొత్తం చేదెక్కుతుంది, ఆ చేదు మరిక పోదు. తర్వాత టమాటా, ముప్పావు చెంచా ఉప్పు, అర చెంచా మిరప తునకలు. టమాటా నీరు అడుగున అంటిన పొరను తనే కరిగిస్తుంది. మూత పెట్టకుండా సన్నగా పాతిక ముప్పై నిమిషాలు ఉడకనివ్వండి. అంచుల్లో నూనె తేలి, గరిటెతో అడుగున గీస్తే దారి రెండు సెకన్లు అలాగే నిలవాలి. అప్పుడు రుచి చూడండి. పులుపు కొడితే ముందు ఇంకో ఐదు నిమిషాలు ఉడికించి, అప్పటికీ తగ్గకపోతే చిటికెడు చక్కెర. బెల్లమూ పనికొస్తుంది, రంగు కాస్త నల్లబడుతుంది. ముక్కల్ని, అవి ఊరిన రసంతో సహా సాస్‌లోకి దించి మూతపెట్టి పది నిమిషాలు. ఎముకతో ఉన్నవైతే పాతిక ముప్పై.

ఈ సాస్‌లో మీగడ కలపాలన్న కోరిక చాలామందికి పుడుతుంది. ఇంటి పాల మీగడ పులుపుకూ వేడికీ తట్టుకోలేక విరిగి, తెల్లటి పలుకులు వేరు, నెయ్యి వేరు అయిపోతుంది. ప్యాకెట్ క్రీమ్ కొంత నిలబడుతుంది, అదైనా మంట ఆపాకే కలపాలి. మన జిల్లాల్లో ఇంతకంటే మంచి దారి ఉంది: పలాస జీడిపప్పు. 60 గ్రాముల పప్పును వేడినీళ్లలో అరగంట నానబెట్టి, 150 మిల్లీలీటర్ల పాలతో మెత్తగా రుబ్బి సాస్‌లో కలిపితే విరగదు, నున్నగా చిక్కబడుతుంది. రుబ్బడానికి గుండు పప్పు అక్కర్లేదు. ముక్క, బద్ద రకం చవక, రుచిలో తేడా ఉండదు. అడుగంటుతుంది కాబట్టి వేశాక కలుపుతూనే ఉండాలి, ఐదు నిమిషాలకు మించి మరిగించకూడదు. ఇది ఇటలీ పద్ధతి కాదు, అయినా కారం తగ్గించి పిల్లలకు పెట్టడానికి చక్కగా ఉంటుంది.

పాస్తా: ప్యాకెట్ మీద చదవాల్సింది

‘డ్యూరం వీట్ సెమోలినా’ అని ఉందా లేదా అన్నది ముందు చూడండి. డ్యూరం అంటే గట్టి గోధుమ. దాని రవ్వతో చేసిన పాస్తా లేత పసుపు రంగులో, తేనె మెరుపుతో ఉంటుంది, ఉడికాక కూడా మధ్యలో పలుకు నిలుస్తుంది. ఇటలీలో ఎండు పాస్తాకు డ్యూరం గోధుమే వాడాలని 1967లో చట్టమే చేశారు. మామూలు గోధుమ రవ్వ, మైదా కలిపి చేసినవి తెల్లగా ఉంటాయి, నీళ్లు పాలలా చిక్కబడతాయి, నిమిషం ఏమరితే ముద్ద. పేరు చూసి తేల్చుకోలేకపోతే ప్రొటీన్ చూడండి. వంద గ్రాములకు 12 గ్రాములు, ఆపైన ఉంటే నమ్మకంగా కొనొచ్చు.

కిరాణా కొట్లో విడిగా తూచి ఇచ్చే మకరోనీ ఎక్కువగా మెత్తటి గోధుమదే. అదే చేతికందితే ఐదో నిమిషం నుంచీ నిమిషానికొకటి కొరికి చూస్తూ దించండి, తెల్ల సాస్‌కే వాడండి. సేమ్యాతో ఈ వంట కుదరదు, సాస్ తగలగానే తునకలవుతుంది.

ఆకారం విషయంలో పెద్ద శాస్త్రమేమీ లేదు. ముక్కలున్న టమాటా సాస్‌కు గీతల పెన్నే, తెల్ల సాస్‌కు మెలికల ఫుసిల్లి, నూనెకు స్పగెట్టీ. స్పగెట్టీని విరవక్కర్లేదు. నీళ్లలో నిలబెడితే అర నిమిషంలో మెత్తబడి లోపలికి వంగుతుంది.

మనిషికి 80 గ్రాములు, నలుగురికి 320. ఐదు లీటర్ల డేగిసాలో మూడు లీటర్ల నీళ్లు మూతపెట్టి తెర్లించండి. మామూలు బర్నర్ మీద పావుగంట దాకా పడుతుంది, అందుకే సాస్ సగంలో ఉండగానే ఎసరు పెట్టాలి. నీళ్లు తెర్లాక తలగొట్టి నాలుగు చెంచాల ఉప్పు, అంటే సుమారు 24 గ్రాములు. ఎక్కువనిపిస్తుంది గానీ అందులో ఎక్కువ భాగం నీళ్లతోనే పోతుంది. పాస్తాకు ఉప్పు ఎక్కేది ఈ ఒక్క దశలోనే, తర్వాత సాస్‌లో ఎంత వేసినా లోపల చప్పగానే ఉంటుంది. నీళ్లలో నూనె వెయ్యకండి. అంటుకోకుండా ఆపేది నూనె కాదు, మొదటి రెండు నిమిషాలు గరిటెతో కలపడం. పైగా నూనె పూత పట్టిన పాస్తాకు సాస్ సరిగా అంటదు.

ప్యాకెట్ మీద 11 నిమిషాలని ఉంటే 9కే ఒకటి తీసి మధ్యలోకి కొరకండి. నడుమ సన్నటి తెల్ల చుక్క కనిపించాలి. అన్నం గంజి వార్చినట్టే సిబ్బిలో వార్చండి. అయితే అంతకుముందే ఒక పెద్ద గ్లాసు నీళ్లు ముంచి పక్కన పెట్టుకోవాలి. ఆ పిండి నీళ్లే నూనెనూ టమాటా రసాన్నీ కలిపి ముద్ద కట్టకుండా పాస్తాకు పట్టిస్తాయి. వార్చాక చన్నీళ్లతో కడిగితే ఆ పిండంతా పోయి సాస్ జారిపోతుంది. వార్చిన వెంటనే సాస్ మూకుట్లో వేసి, అర గ్లాసు పిండి నీళ్లు పోసి, పెద్ద మంట మీద రెండు నిమిషాలు ఎగరవెయ్యండి. మిగిలిన ఉడుకు ఇక్కడ పూర్తవుతుంది.

విడతలుగా తినేవాళ్లయితే సాస్‌లో సగం వేరే గిన్నెలోకి తీసి ఉంచండి, వేసవైతే ఫ్రిజ్‌లో. రైలు దిగినవాళ్లకు 160 గ్రాముల పాస్తా, లీటరున్నర నీళ్లతో మళ్లీ ఉడికించడానికి ఇరవై నిమిషాలు చాలు, ఈలోగా వాళ్లు కాళ్లు కడుక్కుని వస్తారు. పైడితల్లి అమ్మవారి సిరిమాను పండగ మర్నాడు బంధువులతో ఇల్లు నిండినప్పుడు కిలో పాస్తా ఒకే గిన్నెలో వెయ్యకండి. నీళ్ల మరుగు ఒక్కసారిగా ఆగిపోయి, మళ్లీ తెర్లేలోపు అడుగున ఉన్నది గడ్డ కడుతుంది. రెండు గిన్నెలు, లేదా రెండు విడతలు.

కుక్కర్‌లో అన్నీ కలిపి వండే పద్ధతి పని దినాల్లో అక్కరకొస్తుంది. పాస్తా మునిగేదాకా మాత్రమే నీళ్లు పోసి, ప్యాకెట్ సమయంలో సగానికి ఒక నిమిషం తగ్గించి దించాలి. పాస్తా నురగ వెయిట్ రంధ్రాన్ని మూసెయ్యగలదు కాబట్టి కుక్కర్ సగానికి మించి నింపకూడదు, ఒక చెంచా నూనె తప్పనిసరి. పలుకు మీద దించడం మాత్రం ఇందులో అదృష్టమే.

తెల్ల సాస్ ఎప్పుడు?

ఆరుబయట డాబా మీద అందరూ ఒకేసారి కూర్చునే రాత్రి, కారం తినని చిన్నపిల్లలు ఉన్న ఇల్లు, చలికాలం. ఈ మూడింటికీ ఇది బాగుంటుంది. ఇటలీలో ఈ సాస్‌ను ఎక్కువగా లజాన్యాలాంటి ఓవెన్ వంటల పొరల్లో వాడతారు. పెన్నేలో కలిపి వడ్డించడం మన రెస్టారెంట్లు పెంచిన అలవాటు. దాన్నేమీ తప్పుపట్టనక్కర్లేదు.

40 గ్రాముల వెన్న సన్న మంట మీద కరిగించి 40 గ్రాముల మైదా వెయ్యండి. పచ్చి వాసన పోయేదాకా రెండు నిమిషాలు కలపాలి, రంగు మారకూడదు. 600 మిల్లీలీటర్ల గోరువెచ్చటి పాలు మూడు విడతలుగా పోస్తూ, ఒక విడత పూర్తిగా కలిశాకే ఇంకోటి. చల్లటి పాలు గబుక్కున పోస్తేనే ఉండలు కడతాయి. కట్టినా కంగారు పడకండి, టీ వడగట్టులో నొక్కి వడకట్టండి. పాలు ఫుల్ క్రీమ్‌వే వాడండి, వాటిలో వెన్న 6 శాతం. టోన్డ్ పాలలో 3 శాతమే, సాస్ పలచటి గంజిగా మిగులుతుంది. ఆరేడు నిమిషాలు సన్నగా ఉడికి గరిటె వెనక పూత పట్టాక, ఉప్పు, మిరియాలు, పావు చెంచా కంటే తక్కువ జాజికాయ. మంట ఆపాక 80 గ్రాముల చీజ్ తురిమి వెయ్యండి. మంట మీదే వేస్తే చీజ్ సాగి ముద్దకడుతుంది. అప్పుడు పైన చెప్పిన రొమ్ము పలకలు కోసి కలపండి. ఈ సాస్‌కు రొమ్మే నప్పుతుంది.

సాస్ మీకు సరిపోయిందనిపించేదానికంటే ఒక మెట్టు పలచగా ఉండగానే పాస్తాలో కలపండి. కంచంలోకి వచ్చేసరికి చిక్కబడుతుంది. మూకుట్లోనే చిక్కగా ఉంటే కంచంలో గడ్డే.

చీజ్ సంగతి. మామూలు ప్రాసెస్డ్ చీజ్‌లో కరిగేటప్పుడు విడిపోకుండా ఉంచే లవణాలు ఉంటాయి కాబట్టి తెల్ల సాస్‌కు అదే నమ్మకస్తం, దాని ఉప్పు లెక్కలో పెట్టుకుని సాస్‌లో ఉప్పు తగ్గించండి. మొజరెల్లా పిజ్జాకు మంచిది, ఇక్కడ తీగలు సాగి చిరాకు పెడుతుంది. టమాటా సాస్ మీద మాత్రం గట్టి పర్మేజాన్ ఒక పెద్ద చెంచా తురిమితే చాలు. అది దొరక్కపోతే మానెయ్యండి, టమాటా సాస్‌కు చీజ్ లేకపోవడం లోటు కాదు.

వెల్లుల్లి నూనె, పెనం మీద లెగ్ ముక్క

ఇందులో దాచుకోవడానికి సాస్ లేదు. డబ్బు పెట్టగలిగితే మంచి నూనె మీదే పెట్టండి. ఎక్స్‌ట్రా వర్జిన్ ఆలివ్ నూనె ముదురు రంగు సీసాలో ఉన్నది, పావు లీటరుది కొనండి. పెద్ద సీసా తీశాక నెలల తరబడి మన ఉక్కపోతలో ఉంటే వాసన మారుతుంది. ఆలివ్ పిప్పి నుంచి తీసే పోమేస్ రకం వేపుళ్లకు తప్ప ఇక్కడ ఎందుకూ కొరగాదు, దానికి ఆలివ్ వాసనే ఉండదు. గానుగ వేరుశనగ నూనె, నువ్వుల నూనె ఎంత మంచివైనా వాటి వాసన పాస్తాను కప్పేస్తుంది. టమాటా సాస్‌కు ఒక పొదుపు దారి ఉంది: వేయించడానికి పొద్దుతిరుగుడు నూనె, దించాక పైన రెండు పెద్ద చెంచాల ఎక్స్‌ట్రా వర్జిన్.

నలుగురికి 80 మిల్లీలీటర్ల నూనె, 30 గ్రాముల వెల్లుల్లి పలుచటి చీలికలు. నూనె చల్లగా ఉండగానే వెల్లుల్లి వేసి సన్న మంట మీద పెట్టండి. నాలుగైదు నిమిషాలకు అంచులు లేత పసుపు తిరగగానే మిరప తునకలు వేసి, వెంటనే గరిటెడు పిండి నీళ్లు పోసి ఉడుకు ఆపండి. పూర్తిగా ఎర్రబడేదాకా ఆగితే ఆలస్యమైనట్టే, వెల్లుల్లి దించాక కూడా మాడుతూనే ఉంటుంది. స్పగెట్టీని రెండు నిమిషాల ముందే తీసి ఇందులో వేసి, ఇంకో గరిటెడు నీళ్లతో గట్టిగా తిప్పితే నూనె తేలకుండా పాలమాదిరి పూతగా అంటుకుంటుంది. అడుగున నూనె విడిగా నిలిచిందంటే నీళ్లు తక్కువయ్యాయి.

కోడికి తోలుతోనే ఉన్న లెగ్ ముక్కలు నాలుగు, ఒక్కోటి పావుకిలో. కొట్లో ముందే చెప్పకపోతే తోలు తీసేస్తారు. ఉప్పు పట్టించి, దోసెల ఇనప పెనం చల్లగా ఉండగానే తోలు కిందికి పెట్టి, మధ్యస్థం కంటే తక్కువ మంట మీద పదిహేను పద్దెనిమిది నిమిషాలు కదపకండి. తోలులోని కొవ్వు కరిగి అందులోనే ముక్క వేగుతుంది, నూనె అక్కర్లేదు. తిప్పి మూత సగం పెట్టి ఇంకో పన్నెండు నిమిషాలు. ఎముక పక్కన కత్తి గుచ్చితే వచ్చే రసంలో ఎరుపు ఉండకూడదు. దించాక నిమ్మరసం, మిరియాలు. వేడి పెనం మీద మొదలెడితే తోలు మాడుతుంది, ఎముక దగ్గర పచ్చిగా ఉంటుంది.

ఆకుల విషయం

ఇటాలియన్ బేసిల్ బదులు తులసి వెయ్యమని చాలాచోట్ల చెబుతారు. మన తులసికి లవంగం ఘాటు ఉంటుంది, ఉడికితే చేదు తిరుగుతుంది. పూజించే మొక్కను వంటలో వెయ్యడం ఎలాగూ చాలా ఇళ్లలో ఇష్టపడరు. అంతకంటే దగ్గరి చుట్టాలు మన పెరట్లోనే ఉన్నాయి. సబ్జా గింజలు బేసిల్ జాతి మొక్కవే. కుండీలో చల్లి నీళ్లు చిలకరిస్తే నెలన్నరలో ఆకు కోతకొస్తుంది. రకాన్నిబట్టి వాసన కొంచెం మారుతుంది, నలిపి చూసి వాడండి. ఒరెగానోకు మరువం సొంత కుటుంబం. నాలుగు రెమ్మలు టమాటా సాస్‌లో దించేముందు వేస్తే ఎండు ఒరెగానో ప్యాకెట్ గుర్తుకే రాదు. అయితే కుండీలో పెంచిందే వాడండి. పూల కొట్లో కట్టి అమ్మే మరువానికి మందులు కొట్టి ఉండొచ్చు, అది తినడానికి పెంచింది కాదు. వాము ఆకు ఘాటు ఎక్కువ, నలుగురికి రెండాకులు సన్నగా తరిగితే చాలు. కొత్తిమీర వేస్తే మాత్రం వంట కూర వైపు మళ్లుతుంది.

మిగిలితే పాస్తానూ సాస్‌నూ విడివిడిగా మూతగిన్నెల్లో పెట్టి ఫ్రిజ్‌లో పెట్టండి. వేసవిలో గంటలోపు, మిగతా కాలంలో రెండు గంటల్లోపు లోపలికి పోవాలి. టమాటా సాస్ రెండు రోజులు బాగుంటుంది. వేడిచేసేటప్పుడు పావు గ్లాసు నీళ్లు పోసి పూర్తిగా తెర్లించాకే పాస్తా కలపండి. తెల్ల సాస్‌కు నీళ్లు కాదు, పాలు పోసి సన్న మంట మీద కలుపుతూ వేడిచెయ్యాలి, మరునాటికి మించి ఉంచకూడదు. వెల్లుల్లి నూనె పాస్తా దాచకండి. తెరిచిన పాస్తా ప్యాకెట్ గాలి చొరని డబ్బాలోకి మార్చండి, లేకపోతే మన తేమకు పురుగు పడుతుంది.